ఆత్మసాక్షికి హద్దు ఎక్కడ?

శాసనసభలో గాని, పార్లమెంటులో గాని సభ్యుడు ప్రమాణస్వీకారం చేసేటప్పుడు మన రాజ్యాంగం అతని ముందు రెండు దారులు పెడుతుంది. దైవసాక్షిగా ప్రమాణం చేయవచ్చు. దేవుడి పేరెత్తకుండా ఆత్మసాక్షిగా అయినా చేయవచ్చు. కోర్టులో బోనెక్కే సాక్షికి కూడా 1969 నాటి ప్రమాణాల చట్టం ఈ వెసులుబాటు ఇచ్చింది. దేవుణ్ణి నమ్మనివాళ్ళు సహజంగా రెండో దారినే ఎంచుకుంటారు. అయితే ఇంగ్లీషు చట్టంలో ఈ దారి మొదట వేసినవాళ్ళు నాస్తికులు కారు. గాఢమైన దైవభక్తి గల ఒక చిన్న క్రైస్తవ శాఖవాళ్ళు. వాళ్ళే క్వేకర్లు.

వాళ్ళ గురించి ఈ పత్రికలో రాయడం దేనికని పాఠకులు అడగవచ్చు. మతప్రచారం నా ఉద్దేశం కాదు. మనిషి అంతరాత్మను ఆధారం చేసుకుని సమాజంలోని అన్యాయాన్ని ఎంతవరకు ఎదిరించవచ్చు అన్నది నా ప్రశ్న. వ్యవస్థ మారందే ఏదీ మారదు గనక వ్యక్తి మనస్సాక్షితో పనేముందని మనలో కొందరంటారు. మనుషులు మంచివాళ్ళయితే వ్యవస్థ దానంతటదే బాగుపడుతుందని సర్వోదయవాదులంటారు. ఈ రెండు మాటల్నీ గాలిలో తూచే కన్న, మూడున్నర శతాబ్దాలకు పైగా అంతరాత్మనే నమ్ముకున్న ఒక సమాజం అనుభవాన్ని పరిశీలించడం మేలు.

క్వేకర్లు ఇంగ్లండు విప్లవం కన్నబిడ్డలు. 1649లో అక్కడ రాజు తల తెగింది. రాజుతోపాటు బిషప్పులూ, దశమభాగం పన్నులూ, జమీందారీ హక్కులూ అన్నీ జనం నోట ప్రశ్నలయాయి. ఆ రోజుల్లో ఊరూరా తిరిగి బోధించిన జార్జి ఫాక్స్ (1624-1691) ఒక సాలెవాని కొడుకు. చెప్పులు కుట్టేవాడి దగ్గర పని నేర్చుకున్నవాడు. 1650లో డార్బీ పట్నంలో ఒక న్యాయాధికారి అతన్నీ అతని అనుచరుల్నీ 'వణికేవాళ్ళు' అని ఎగతాళి చేశాడు. క్వేకర్ అనే మాటకు అర్థం అదే. వాళ్ళు తమను 'మిత్రులు' అని పిలుచుకున్నారు. సమానత్వం కోసం పోరాడిన లెవెలర్ల నాయకుడు జాన్ లిల్‌బర్న్ చివరి రోజుల్లో ఈ మిత్రుల్లో చేరాడు. విప్లవం ఓడిపోతున్న దశలో దెబ్బతిన్న రాజకీయ ఆశలు మతరూపంలో ఎలా తలదాచుకున్నాయో మార్క్సిస్టు చరిత్రకారుడు క్రిస్టొఫర్ హిల్ విపులంగా చర్చించాడు.

వాళ్ళ విశ్వాసం మూలంలో ఒకటే మాట: ప్రతి మనిషిలోనూ దైవానికి చెందిన వెలుగు ఉంది. తక్కిన ఆచారాలన్నీ ఈ మాటలోంచి తర్కబద్ధంగా వచ్చినవే. వెలుగు అందరిలోనూ ఉంటే మధ్యన పూజారి ఎందుకు? ఆడవాళ్ళలోనూ ఉంటే వాళ్ళు బోధించరాదనడమెందుకు? మార్గరెట్ ఫెల్ 1666లోనే స్త్రీలు బోధించే హక్కును సమర్థిస్తూ పుస్తకం రాసింది.

మన ప్రాంతంలో చర్చి అనగానే మెదక్ గుడి గుర్తొస్తుంది. 1924లో పూర్తయిన ఆ కట్టడం గోపురం ఎత్తు 175 అడుగులు. క్వేకర్ల సంప్రదాయ ప్రార్థనాగృహంలో గోపురం ఉండదు, పీఠం ఉండదు, పటం ఉండదు. జ్ఞానస్నానం లేదు, రొట్టె ద్రాక్షరసాల సంస్కారం లేదు. బెంచీలమీద జనం ఒక గంటసేపు మౌనంగా కూర్చుంటారు. ఎవరికైనా చెప్పితీరవలసిన మాట ఉందనిపిస్తే లేచి చెప్పి కూర్చుంటారు. దానికి ఖండన ఉండదు, చప్పట్లుండవు. ఎవరూ లేవకుండానే గంట గడిచిపోవచ్చు కూడా. చివర ఒకరి చేయి ఒకరు కలుపుకుని లేస్తారు. అందరు క్వేకర్లూ ఇలాగే చేస్తారనుకోరాదు. ఈనాడు వాళ్ళ సంఖ్య ఎక్కువగా ఉన్న కెన్యాలోనూ, అమెరికాలో చాలాచోట్లా పాస్టర్లూ పాటలూ ఉన్నాయి.

వాళ్ళ పాలనా సమావేశం ఇంకా విచిత్రమైంది. అక్కడ ఓట్లుండవు. గుమాస్తా అనే బాధ్యుడు అందరి మాటా విని, సభ ఏ అభిప్రాయానికి వచ్చిందో అక్కడికక్కడే తీర్మానంగా రాసి చదువుతాడు. సభ ఒప్పుకుంటేనే అది నిలుస్తుంది. ఒక్కరికి గట్టి అభ్యంతరమున్నా ఆగి, మళ్ళీ మౌనంలో ఆలోచించి, అవసరమైతే మరో నెలకు వాయిదా వేస్తారు.

ఇక వాళ్ళను జైళ్ళపాలు చేసిన ఆచారాలు చూడండి. పైవాడు ఎదురైతే టోపీ తీసి వంగాలనేది ఆనాటి మర్యాద. క్వేకర్లు తీయలేదు. గొప్పవాళ్ళను బహువచనంతో, సాటివాళ్ళనూ కిందివాళ్ళనూ ఏకవచనంతో పిలవాలనేది ఆనాటి ఇంగ్లీషు. క్వేకర్లు న్యాయాధికారిని కూడా ఏకవచనంతోనే పిలిచారు. ఇది వట్టి మొండితనమని ఇంగ్లండులో ఎవరైనా అనుకుంటే అనుకోవచ్చు. తెలంగాణలో పుట్టినవాడు అలా అనుకోలేడు. దొర ఎదుట చెప్పులు చేతపట్టి, తలగుడ్డ నడుముకు చుట్టి, 'బాంచెన్, నీ కాల్మొక్త' అనవలసివచ్చిన నేల ఇది. ఇప్పటి మన సంగారెడ్డి జిల్లాలోని జోగిపేటలో 1930లో జరిగిన తొలి ఆంధ్ర మహాసభ తర్వాతి కాలంలో పల్లెపల్లెకూ 'సంఘం'గా పాకినప్పుడు, రైతుకూలీ మొదట గెలుచుకున్నది నడుము నిలబెట్టి మాట్లాడే హక్కు. భూమి తర్వాత వచ్చింది. మర్యాద భాషలో దాగిన దాస్యాన్ని గుర్తించడంలో క్వేకరుకూ సంఘం మనిషికీ చుట్టరికం ఉంది.

ప్రమాణం సంగతీ అలాంటిదే. ఒట్టు పెడితేనే నిజం చెప్పేవాడు మామూలు వేళల్లో అబద్ధమాడవచ్చునని అర్థం గదా అని వాళ్ళు వాదించారు. రాజుకు విధేయత ప్రమాణం చెయ్యమన్నా చెయ్యలేదు. ఆస్తులు పోయాయి, వేలమంది జైళ్ళలో మగ్గారు. చివరకు 1696లో ఒట్టుకు బదులు గంభీరమైన ప్రకటన చాలునని చట్టం వాళ్ళకు ఒప్పుకుంది. ఆ పద్ధతిలోనే 1833లో జోసెఫ్ పీజ్ అనే క్వేకరు పార్లమెంటులో కూర్చున్నాడు. నాస్తికుడైన చార్లెస్ బ్రాడ్లా పోరాటం ఫలితంగా 1888లో ఆ హక్కు అందరిదీ అయింది. భక్తులు తమకోసం గెలిచిన హక్కును నాస్తికులు అందరికోసం విస్తరించారన్నమాట.

1661లో వాళ్ళు రాజుకు సమర్పించిన ప్రకటనలో ఏ కారణంవల్లనైనా ఆయుధం పట్టబోమని చెప్పారు. అప్పుడే లండనులో ఒక మతవర్గం తిరుగుబాటు చేసి అణగిపోయింది. అనుమానంమీద క్వేకర్లను గుంపులుగా పట్టుకుపోతున్నారు. ఆ ప్రకటనలో నిష్ఠా ఉంది, ఓటమి నీడా ఉంది. అయినా తర్వాతి తరాలు ఆ మాటకు కట్టుబడ్డాయి. యుద్ధకాలాల్లో సహాయకార్యక్రమాలు చేసినందుకు ఇంగ్లండు, అమెరికా క్వేకర్ల సేవాసంస్థలకు 1947లో నోబెల్ శాంతి బహుమతి వచ్చింది. 1930 మార్చిలో ఉప్పు సత్యాగ్రహానికి ముందు గాంధీ వైస్రాయికి రాసిన లేఖను పట్టుకెళ్ళిన రెజినాల్డ్ రేనాల్డ్స్ అనే యువకుడు క్వేకరే. మన దేశంలో వాళ్ళ మిషను పని 1866లో రేచెల్ మెట్‌కాఫ్ రాకతో మొదలై, మధ్యప్రదేశ్‌లోని హోషంగాబాదు (ఇప్పటి నర్మదాపురం) ప్రాంతంలో వేళ్ళూనింది.

ఇంతవరకు ఉన్నది మెచ్చుకోదగ్గ చరిత్ర. అసలు పరీక్ష ఆస్తి దగ్గర వచ్చింది.

అమెరికాలోని జర్మన్‌టౌన్‌లో కొందరు క్వేకర్లు 1688లో బానిసత్వం పాపమని రాసి సభకు పంపారు. పై సభలు దాన్ని పక్కన పెట్టాయి. కారణం స్పష్టం: సభలో కూర్చున్న పెద్దల్లో బానిసల యజమానులున్నారు. ఏకాభిప్రాయం కావాలన్నప్పుడు యజమానికి వీటో హక్కు దొరికినట్టే. తర్వాత జాన్ వూల్మన్ (1720-1772) వచ్చాడు. కుర్రతనంలో యజమాని చెప్పగా ఒక నీగ్రో స్త్రీ అమ్మకం పత్రం రాసి మథనపడ్డవాడు అతను. ఆ తర్వాత బానిసల్ని వారసులకు పంచే వీలునామాలు రాయనన్నాడు. కాలినడకన ఇంటింటికీ పోయి యజమానులతో వాదించాడు. ఆ ఇళ్ళలో తనకు సేవచేసిన బానిసలకు కూలి చెల్లించాడు. చివరికి రంగువేసిన బట్టలు కూడా మానేశాడు. ఫిలడెల్ఫియా వార్షికసభ బానిసలను ఉంచుకోరాదని నిషేధించింది 1776లో. జర్మన్‌టౌన్ కాగితం నుంచి లెక్కవేస్తే 88 ఏళ్ళు! తక్కిన సమాజం కన్న వాళ్ళు ముందున్నారన్నది నిజం. ఆ 88 ఏళ్ళూ బానిస వీపుమీద గడిచాయన్నదీ నిజమే.

రెండో ఉదాహరణ బర్మింగ్‌హాములో తుపాకుల కర్మాగారం నడిపిన శామ్యూల్ గాల్టన్. క్వేకరు కుటుంబం, తరాలుగా అదే వ్యాపారం. 1790లలో సభ అతన్ని నిలదీసింది. అతను జంకకుండా ఎదురు ప్రశ్న వేశాడు: యుద్ధానికి పోయే పన్నులు మీరు కట్టడంలేదా? బానిసల చెమటతో పండిన సరుకు మీరు వాడడంలేదా? నేనొక్కణ్ణే దోషినెలా అయాను? సభ 1796లో అతన్ని వెలివేసింది.

గాల్టన్ వాదం స్వార్థపరుడి వాదమే. కాని అందులో ఒక వాస్తవముంది: పెట్టుబడిదారీ ఉత్పత్తిలో ఎవరి చేతులూ విడిగా శుభ్రంగా ఉండవు. సభ అతన్ని వెలివేసి తన చేతులు కడుక్కుంది. తుపాకుల వ్యాపారం మాత్రం ఆగలేదు. ఆ వాస్తవంనుంచి గాల్టన్ 'అందరూ దోషులే గనక ఎవరూ దోషులు కారు' అని తేల్చాడు. మనం తేల్చవలసింది వేరు: దోషం పంచుకున్నవాళ్ళంతా కలిస్తేనే అది పోతుంది.

ఈ ప్రశ్న మనకు దూరపుది కాదు. సంగారెడ్డి పక్కనే ఎద్దుమైలారంలో 1984లో శంకుస్థాపన జరిగిన ఆయుధ కర్మాగారం పదాతిదళానికి 'శరత్' అనే యుద్ధవాహనాలు తయారుచేస్తుంది. అక్కడి కార్మికుడు గాల్టన్ కాడు. లాభం అతనిది కాదు, ఏం తయారుచెయ్యాలో నిర్ణయించే హక్కూ అతనిది కాదు. 2021లో దేశంలోని ఆయుధ కర్మాగారాలన్నిటినీ ఏడు కంపెనీలుగా మార్చినప్పుడు, దాన్ని వ్యతిరేకిస్తూ సమ్మెకు సిద్ధపడితే, సమ్మెనే నేరంచేస్తూ ఆర్డినెన్సు వచ్చింది. ఇటువంటి కార్మికుడితో 'నీ ఆత్మసాక్షి ఏమంటున్నది, ఉద్యోగం మానెయ్యి' అనడం నీతి కాదు, క్రౌర్యం. తుపాకుల యజమానిని వెలివేసిన క్వేకరు సంప్రదాయం దగ్గర తుపాకి చేసే కూలివాడికి చెప్పడానికి పెద్దగా ఏమీ లేదు. అంతరాత్మకు ఆస్తి వేసిన హద్దు ఇదే.

అలాగని అంతరాత్మను తీసి అవతల పారెయ్యమనను. పటాన్‌చెరు చూడండి. ఇక్కడి మందుల కర్మాగారాల వ్యర్థాలను శుద్ధిచేసే కేంద్రంనుంచి బయటకు వచ్చే నీటిలో సిప్రోఫ్లాక్సాసిన్ అనే మందు లీటరుకు 31 మిల్లీగ్రాములదాకా ఉందని స్వీడను శాస్త్రజ్ఞులు 2007లో ప్రకటించారు. ఈ మందులు మింగి జ్వరం తగ్గించుకున్నవాళ్ళు ప్రపంచమంతటా ఉన్నారు; నక్కవాగు ఒడ్డున పొలం పాడైన రైతు ఇక్కడున్నాడు. తన సుఖం ఎవరి నష్టంనుంచి వస్తున్నదో వెనక్కు వెతుక్కుంటూ పోవడమే వూల్మన్ చేసిన పని. ఇక్కడ ఆ పని చేసినవాడు డాక్టర్ కిషన్ రావు. వైద్యం చేస్తూ కూర్చుంటే ఆయన్నెవరూ తప్పుపట్టేవారు కాదు. కాని ఆయన కాలుష్యంమీద పోరాటానికి దిగాడు. 1990లో పటాన్‌చెరు వ్యవహారం సుప్రీంకోర్టుదాకా పోయింది. ఒకరి మనస్సాక్షి కదలకపోతే ఆ వాదన మొదలయేది కాదు. వాగువెంట గ్రామాలు తోడురాకపోతే అది నిలిచేదీ కాదు.

కాబట్టి ఆత్మసాక్షి వ్యక్తికి అన్యాయాన్ని చూపగలదు, ఒంటరిగా నిలబడే ధైర్యమివ్వగలదు. ఆస్తి సంబంధాలను మార్చే పని మాత్రం సంఘటిత ప్రజలదే. క్వేకర్లనుంచి మన సంఘాలు నేర్చుకోవలసింది ఒకటుంది. మన సభల్లో మెజారిటీ తేలగానే చేతులు దించి వెళ్ళిపోతాం. ఎదురు చెప్పిన ఒక్కడిని ద్రోహి అన్న సందర్భాలూ లేకపోలేదు. జర్మన్‌టౌన్ కాగితాన్ని పక్కన పెట్టిన సభలోనూ మెజారిటీ హాయిగానే ఉంది. ఆ ఒక్కడి మాట పూర్తిగా వినడం, తీర్మానాన్ని అందరి ఎదుటా రాసి చదవడం మన ఉద్యమాన్ని బలహీనపరచవు. అయితే దోపిడీవల్ల లాభపడేవాడికి మాత్రం వాయిదా వేయించే హక్కు ఇవ్వకూడదు. ఎవరి అభ్యంతరం అంతరాత్మదో, ఎవరిది ఆస్తిదో గుర్తుపట్టడం నేర్చుకోవాలి. ఆ పాఠం క్వేకర్లకు 88 ఏళ్ళు పట్టింది. మనకు అంత వ్యవధి లేదు.