వీళ్లకు పేర్లు లేవా?

ఒకనాడు తరగతిలో పిల్లలకు పాత టీవీ ముక్క ఒకటి చూపించాను. కొమ్ములు కట్టుకుని మనవాళ్లు ఆడుతున్నారు. కింద ‘గిరిజన నృత్యం’ అని మాత్రమే రాసి ఉంది. ఒక పిల్ల అడిగింది: “సారూ, వీళ్లకు పేర్లు లేవా?”

ఆ ముక్కను దాచినవారికి దండం పెట్టాల్సిందే. ఫిల్ముకు వేడి, తేమ తగిలితే పులిసిన వాసనొచ్చి ముడుచుకుపోతుంది. మన దేశపు తొలి టాకీ ‘ఆలం ఆరా’ (1931) ఒక్క ప్రతీ మిగల్లేదు. పుణెలో జాతీయ ఫిల్ము ఆర్కైవ్ 1964లో గానీ రాలేదు. నిజాం కాలంలో చెంచులు, కొండరెడ్లు, గోండుల మధ్య తిరిగిన హైమన్‌డార్ఫ్ ఫొటోలు, ఫిల్ములు లండన్‌లోని సోయస్‌లో ఉన్నాయి. అక్కడ దాచకపోతే ఆ ముఖాలు మనకు దక్కేవా?

కానీ దాచినంత మాత్రాన సొంతమవుతుందా? మన కోయల పడిగెను చూడండి. గుడ్డమీద వేల్పు కథ బొమ్మలుగా ఉంటుంది. డోలీలు పాడితేనే అది కథ, పాడే గొంతు పోతే వట్టి గుడ్డ. పైగా దాన్ని రోజూ విప్పం. దాచడమంటే ఎప్పుడు చూపాలో, ఎప్పుడు చూపకూడదో తెలిసి ఉండడం కూడా. ఆ మాట చెప్పే హక్కు ఆ బొమ్మలోని మనుషులది, వాళ్ల ఊరిది.

ఇప్పుడు మీ చేతిలో ఫోనుంది. అవ్వ పాట తీసేముందు ఆమెను అడగండి. తీశాక పేరు, ఊరు, గోత్రం, తేదీ రాయండి. రెండు చోట్ల దాచండి. మొదట ఆమెకే చూపండి. ముఖం దాచి పేరు పారేస్తే సగమే దాచినట్టు.