తీర్పు తర్వాతే అసలు పరీక్ష

గెలిచినప్పుడు ‘న్యాయం గెలిచింది’ అంటాం. ఓడినప్పుడు అదే న్యాయస్థానాన్ని శంకిస్తాం. ఓడినవాడు కోర్టు ఉత్తర్వును పాటించడం కేవలం శిక్షకు భయపడి చేసే పనా, లేక ధర్మం కూడానా?

గుంటూరు జిల్లాలో ఒక తహసీల్దారు, 2013లో హైకోర్టు ఇచ్చిన ఉత్తర్వును లెక్కచేయకుండా పేదల గుడిసెలను తొలగించారు. 2015లో హైకోర్టు ఆయనకు రెండు నెలల జైలుశిక్ష విధించింది. తర్వాత ఆయన డిప్యూటీ కలెక్టర్ అయ్యారు. 2025 మే నెలలో సుప్రీంకోర్టు జైలుశిక్షను తప్పించి, ఆయనను తిరిగి తహసీల్దారు హోదాకు దించి, లక్ష రూపాయల జరిమానా వేసింది. అధికారం చేతిలో ఉన్నంతమాత్రాన ఉత్తర్వును మీరే హక్కు ఎవరికీ రాదని ఈ తీర్పు చాటింది.

1971 నాటి కోర్టు ధిక్కార చట్టం ప్రకారం ఉత్తర్వును ఉద్దేశపూర్వకంగా మీరడమే కాదు, కోర్టుకిచ్చిన హామీని తప్పడం కూడా ధిక్కారమే. ముస్లింకు ఇది కొత్త మాట కాదు. చేసిన వాగ్దానం గురించి ప్రశ్నించడం జరుగుతుందని దివ్య ఖుర్ఆన్ (17:34) హెచ్చరిస్తోంది. ‘ఇది షరీఅత్ కోర్టు కాదు కదా’ అని బిడ్డల మనోవర్తిని, చెల్లెలి వాటాను ఎగ్గొట్టేవారు ఒక్క క్షణం ఆలోచించాలి. కోర్టు ఏదైనా, ఇచ్చిన మాట మనదే. హక్కు మాత్రం ఎదుటివారిది. సృష్టికర్తకు అవిధేయతయ్యే విషయంలో ఎవరికీ విధేయత లేదన్నది నిజమే. కాని సొమ్ము మీది ఆశకు ఆ సూత్రాన్ని ముసుగుగా కప్పకూడదు. తీర్పు తప్పనిపిస్తే అప్పీలు ఉంది, స్టే కోరవచ్చు. స్టే రానంతవరకు ఉత్తర్వు ఉత్తర్వే.

గెలిచినవారికీ హెచ్చరిక ఉంది. వాక్చాతుర్యంతో తనచేత అనుకూల తీర్పు చెప్పించుకుని సోదరుని హక్కును పొందినవాడు నిప్పుకణాన్నే తీసుకుపోతున్నాడని దైవప్రవక్త (స) తెలియజేశారు. హజ్రత్ ఉమ్మె సలమా (ర.అన్హా) ఉల్లేఖించిన ఈ హదీసు బుఖారీ, ముస్లిం గ్రంథాలలో ఉంది. స్వయంగా దైవప్రవక్త (స) తీర్పే అధర్మాన్ని ధర్మంగా మార్చనప్పుడు, మన జొన్నాడలోనో, గౌతమి ఆవలి రావులపాలెంలోనో పొలం గట్టు తగాదాలో దొంగ సాక్ష్యంతో తెచ్చుకున్న డిక్రీ హలాల్ అవుతుందా?

ఇక క్షమాపణ సంగతి. కోర్టు సంతృప్తి చెందితే క్షమాపణతో శిక్ష తప్పవచ్చు. కాని కూలిన గుడిసె క్షమాపణతో లేవదు. దాసుల హక్కుల విషయంలో తౌబా అంటే పశ్చాత్తాపపడటంతో పాటు, తీసుకున్నది తిరిగివ్వడం లేదా హక్కుదారుని చేత మన్నింపు పొందడం. ధిక్కార చర్య మొదలుపెట్టడానికి చట్టం ఏడాది గడువు పెట్టింది. అల్లాహ్ సన్నిధిలో అలాంటి గడువు లేదు.

కనుక సోదరులారా, సోదరీమణులారా! మన ఇంట్లో అమలు కాకుండా మిగిలిపోయిన ఉత్తర్వుగాని, చెల్లించని బాకీగాని ఉంటే, నోటీసు వచ్చేదాకా ఎదురుచూడకండి. హక్కును హక్కుదారుని ఇంటికి తీసుకెళ్ళి అప్పగించండి. ఆ సద్బుద్ధిని అల్లాహ్ మనందరికీ ప్రసాదించుగాక! ఆమీన్.