అక్కడ మనవాళ్లెవరున్నారు?

వేమూరులో ఎవరబ్బాయైనా పై దేశం వెళ్తున్నాడంటే, జీతమెంత అన్నదానికన్నా ముందు అడిగేది ఒకటుంది: "అక్కడ మనవాళ్లెవరున్నార్రా?" మనవాళ్లంటే ఊరివాళ్లు, చుట్టాలు. దాచుకోవడమెందుకు, చాలాసార్లు కులంవాళ్లు కూడా.

సిరియా యుద్ధానికి పోయిన ఇండోనేషియా, మలేషియా కుర్రాళ్ల గురించి చదివితే నాకు ఈ ప్రశ్నే గుర్తొస్తుంది. దేశాల గీతలు చెరిపేశామన్న ఐసిస్ మాట నమ్మి ఇల్లూవాకిలీ వదిలి వెళ్లారు. తీరా వెళ్తే చాలామందికి అరబ్బీ రాదు. 2014లో మలయ్ మాట్లాడేవాళ్లంతా చేరి కతీబా నుసంతారా అని వేరే దళం పెట్టుకున్నారు. గీతలే లేవన్న చోట కూడా మనవాళ్లెవరని వెతుక్కున్నారన్నమాట. అలాగని ఆ వెతుకులాట వాళ్లను మెత్తబరిచిందేమీ లేదు. అదే అమ్మ భాషలో వీడియోలు తీసి, ఇళ్ల దగ్గరున్న పిల్లల్ని కూడా రమ్మన్నారు.

మనకూ ఈ గోడు తప్పలేదు. ఆ 2014లోనే హైదరాబాద్ నుంచి బయల్దేరిన కొందరు ఇంజనీరింగ్ కుర్రాళ్లు బంగ్లాదేశ్‌లోకి దాటబోతూ కలకత్తాలో దొరికారు. పోలీసులు కేసు పెట్టకుండా, కౌన్సెలింగ్ చేసి కన్నవాళ్లకు అప్పగించారు. వాళ్లలో ఒకతను 2015 డిసెంబరులో ఇంకో ఇద్దరితో శ్రీనగర్ వెళ్లబోతూ నాగపూర్ విమానాశ్రయంలో మళ్లీ పట్టుబడ్డాడు.

"వదిలేస్తే ఇంతే" అన్నాడు మా స్టేషన్ దగ్గర టీకొట్టు బల్ల మీద కూర్చున్న స్నేహితుడు, గ్లాసులో మీగడ చూపుడువేలితో తీసి పారేస్తూ. ఒక్కణ్ణి చూపించి మిగతావాళ్లందరినీ కొట్టేస్తావా అన్నాను. రేపల్లె బండి కూత వినపడిందని లేచాడు.

మొదటిసారి ఇంటికి పంపడం సరైన పనేనని ఇప్పటికీ అంటాను. ఇల్లు మందు కాదు, నిజమే. కానీ ఇరవయ్యేళ్లవాణ్ణి జైల్లో వేస్తే అక్కడా మనవాళ్లెవరని వెతుక్కుంటాడు. చేరదీసేది ఎవరో చెప్పక్కర్లేదు.

2020 ఫిబ్రవరిలో ఇండోనేషియా ఇంకో దారి పట్టింది. సిరియా తదితర చోట్ల చిక్కుకున్న దాదాపు 700 మంది తన మనుషుల్ని వెనక్కి తెచ్చుకోనంది. పదేళ్లలోపు పిల్లల సంగతి మాత్రం ఒక్కొక్కరిదీ విడిగా చూస్తామంది. నాన్న చెయ్యి పట్టుకుని వెళ్లి, అక్కడే పదకొండో ఏట పడ్డ పిల్లాణ్ణి ఎవరి లెక్కలో వెయ్యాలి?