చౌర్యమునకు వెల కలదా?

స్వామి వివేకానందులు 1900వ సంవత్సరమున వేదాంత సంఘమును స్థాపించిన నగరము శాన్‌ఫ్రాన్సిస్కో. 1906లో అచట వెలసిన హిందూ దేవాలయము నేటికిని నిలిచియున్నది. ఆ నగరపు మందుల దుకాణములలో కొన్ని యేండ్లుగా ఒక వింత కానవచ్చుచున్నది. టూత్‌పేస్టు, షాంపూ మొదలగు నిత్యోపయోగ వస్తువులను పారదర్శకములైన పేటికలలో నుంచి తాళము వేయుచున్నారు. కొనగోరువాడు మీట నొక్కి, గుమాస్తా తాళపుచెవితో వచ్చువఱకు నిలువవలెను. దుకాణములలో చేతివాటము పెరుగుటయే ఇందులకు కారణము. వీథులలో నిలిపిన కార్ల అద్దములు పగులగొట్టి సామానులు కొనిపోయిన ఉదంతములు 2017వ సంవత్సర మొక్కదానియందే 30,000కు మించినవి. 2024 నాటికి ఇవి చాలవఱకు తగ్గినను, పేటికల తాళము లన్నియు వీడలేదు.

2014లో కాలిఫోర్నియా రాష్ట్ర ప్రజలు ఓటుచే ఒక శాసనము నామోదించిరి. 950 డాలర్ల విలువకు మించని వస్తువులను దుకాణమునుండి అపహరించుట దానిచే సాధారణముగా స్వల్పనేరముగా పరిగణింపబడెను. దాని యుద్దేశము దయామయమే. క్రిక్కిఱిసిన చెఱసాలల భారమును తగ్గించి, మిగిలిన ధనమును వ్యసనపీడితుల చికిత్సకును, విద్యార్థుల మేలునకును వినియోగింపదలచిరి. దొంగతనములు పెరుగుట కీ శాసనమే కారణమని కొందఱు, కాదని కొందఱు వాదించిరి. ఆ వాదమును పండితులు తేల్చుకొందురుగాక. శిక్షకు రాజ్యము మేర నిర్ణయింపవచ్చును. నిర్ణయింపక తప్పదు కూడ. కాని శిక్షకై గీచిన గీటునే పాపమునకును గీటుగా జనులు భావింపసాగినచో నేమగును? కోట్ల వ్యాపారము చేయు కంపెనీకి ఒక సీసా పోయినంత మాత్రమున లోటేమి యను మాట ఆ నగరమునకే ప్రత్యేకము కాదు. మన రైలుబండ్లలో దుప్పట్లు, తువాళ్లు మాయమగుచోటను వినవచ్చునదే.

మహాభారత శాంతిపర్వమున శంఖలిఖితుల కథ గలదు. ఇరువురును సోదరులు, తపస్వులు; బాహుదానదీ తీరమున వేర్వేఱు ఆశ్రమములలో నుండెడివారు. ఒకనాడు లిఖితుడు అన్నగారి ఆశ్రమమునకు వచ్చి, ఆయన లేని సమయమున పండిన ఫలములను కోసికొని తినసాగెను. పరాయివాని చెట్టు కాదు, తోడబుట్టినవానిది. అయినను శంఖుడు వచ్చి చూచి, అడుగక తీసికొనుట చౌర్యమనియు, రాజునొద్ద కేగి దండన కోరుమనియు చెప్పెను. సుద్యుమ్న మహారాజు క్షమింపజూచెను, లిఖితు డంగీకరింపలేదు. చేతులు ఖండింపబడెను. అన్న యాజ్ఞచే నదిలో స్నానమాడి పితృతర్పణమునకు పూనుకొనగా అవి తిరిగి మొలచెను. అంతటి తపోబలము గల నీవే మొదట నన్నేల పవిత్రుని జేయవైతివని తమ్ముడడిగెను. దండించు అధికారము తనది కాదని శంఖుడు బదులు చెప్పెను.

అట్టి కఠోరదండనను నేడెవ్వరును కోరరు. గమనింపదగినది వేఱు. ఆ కథలో పండ్ల వెల యెంతయని యెవ్వరు నడుగలేదు. పోయిన సొత్తును బట్టి కాక, చాచిన చేతిని బట్టి శంఖుడు తీర్పు చెప్పెను. అన్నదమ్ముల నడుమ చెడినది నమ్మకము. తాళము వేసిన పేటిక యెదుట వేచియున్న నిరపరాధి కోల్పోయినదియు అదియే. ఎవరో చేసిన చేతివాటమునకు తాను అనుమానితుడైనాడు.

మఱి ఆకలిగొన్నవాని మాట యేమి? అదే పర్వమున విశ్వామిత్రుడు పండ్రెండేండ్ల కఱవులో చండాలుని యింట కుక్కమాంసమును దొంగిలింపబోయెను. బ్రతికియుండిన ధర్మము నాచరింపవచ్చుననియు, కీడును పిదప తపస్సుచే తొలగించుకొనవచ్చుననియు వాదించెను. మూటలు గట్టి మఱియొకచోట అమ్ముకొను ముఠాల కీ మినహాయింపు చెల్లదు.

అయినను ఛాందోగ్యోపనిషత్తులోని అశ్వపతి మాట మఱువరాదు. తన రాజ్యమున ఎట్టివారు లేరో అతిథులకు చెప్పుచు, దొంగ వెనువెంటనే లోభిని పేర్కొనినాడు ఆ రాజు. శాన్‌ఫ్రాన్సిస్కోలో 2024 జనవరి గణనమున 8,000కు పైగా జనులు నిలువనీడ లేనివారుగా తేలిరి. లోకమున మిక్కిలి ధనవంతులు నివసించు నగరములలో అది యొకటి. అచట అశ్వపతి తన మాటలో ఏ సగమును పలుకగలిగియుండెడివాడు?

2024 నవంబరులో ప్రజలు మఱల ఓటుచేసిరి. దొంగతనమునకు రెండుమాఱులు శిక్షపడినవాడు తిరిగి ఎంత స్వల్పవస్తువును దొంగిలించినను కఠినశిక్షకు పాత్రుడు కావచ్చునని శాసనమును మార్చిరి. అది సుద్యుమ్నుని పని. శంఖుని పనికి ఓటు లేదు, శాసనము లేదు. బిడ్డ పొరుగింటి జామపండును చాటుగా తెచ్చుకొన్ననాడు, తియ్యగా నున్నదా యని యడుగు తల్లియు గలదు. చేయి పట్టుకొని మరల ఆ వాకిటికే తీసికొనిపోవు తల్లియు గలదు.