ఇంటికి తిరిగివచ్చిన ఎపఫ్రొదితు

ధ్యాన వాక్యభాగము: ఫిలిప్పీయులకు 2వ అధ్యాయము, 25 మొదలు 30 వరకు



ఫిలిప్పీ పత్రిక రెండవ అధ్యాయములో క్రీస్తు తన్ను తాను తగ్గించుకొనిన సంగతి మనమందరము ఎరుగుదుము. దాని తరువాత తిమోతిని గూర్చి నాలుగు మాటలు చదివి మూడవ అధ్యాయమునకు వెళ్లిపోవుదుము. నడుమ ఎపఫ్రొదితు అను ఒక మనుష్యుడు నిలిచియున్నాడు. ఆ పేరు పలుకుటకు నోరు తిరుగదు గనుక కాబోలు, మన గ్రామములలో ఎవరును తమ బిడ్డకు దానిని పెట్టరు. తిమోతులు, తీతులు, స్తెఫనులు వీధికొకరు ఉన్నారు. ఎపఫ్రొదితును మాత్రము మేము ఇంతవరకు చూడలేదు.

ఇతడెవడు? పౌలు చెరలో నున్నాడని విని ఫిలిప్పీ సంఘమువారు కానుక పోగుచేసి, దానిని అందించుటకును, అక్కడ నిలిచి పౌలునకు కావలసినవి చూచుటకును ఇతనిని పంపిరి. ఆ దినములలో చెరలోని వానికి అన్నము, బట్ట చాలవరకు వెలుపలివారే చూడవలెను. నేటి మాటలో చెప్పవలెనన్న ఇతడు నర్సు చేయు పనివంటి పని చేసెను. ఆ పనిలోనే రోగియై చావునకు సమీపించి, దేవుని కనికరమువలన బ్రదికెను. అయితే శరీరము కోలుకొనినను మనస్సు కోలుకొనలేదు. తాను జబ్బుపడిన సంగతి స్వగ్రామమువారికి తెలిసినదని ఎంతో కృంగిపోయెను. పౌలు అక్కడ వ్రాసిన గ్రీకు మాటను సెమినరీలో మా ఉపాధ్యాయులు నల్లబల్లమీద వ్రాసి చూపిరి. క్రొత్త నిబంధన అంతటిలో ఆ మాట మూడు చోట్లనే ఉన్నది. తక్కిన రెండు చోట్ల, మత్తయి 26లోను మార్కు 14లోను, అది గెత్సేమనే తోటలో మన ప్రభువునకు కలిగిన వేదనను గూర్చి చెప్పబడినది. ఆ సంగతిని మేము పరీక్షలో వ్రాసి మంచి మార్కులు పొందితిమి. దానిని నేర్చుకొనినది మాత్రము చాలా కాలమునకు గాని కాదు.

మా సంఘములో ఒక సహోదరి యున్నది. ఆమె సెలవు తీసికొనియే ఈ మాటలు వ్రాయుచున్నాము, పేరు చెప్పము. మూడేండ్లు జి.ఎన్.ఎం. చదివి, పట్టణములో ఒక ఆసుపత్రిలో ఏడేండ్లు పనిచేసినది. ఒక తెల్లవారుజామున, సెలవైనను పెట్టక, రాత్రి బస్సులో ఇంటికి వచ్చి పండుకొనెను. వారమైనను లేవలేదు. గుడికి రాలేదు. తల్లి మాయొద్దకు వచ్చి, "అయ్యగారూ, మా పిల్ల మాట్లాడటం లేదు, అన్నం ముట్టటం లేదు. ఒకసారి వచ్చి ప్రార్థన చెయ్యండి" అనెను.

మేము పోతిమి. ఇదే పత్రిక నాలుగవ అధ్యాయము తెరచి, దేనిని గూర్చియు చింత కూడదను బోధ చేసితిమి. "ప్రార్థన తగ్గిందా అమ్మా?" అని అడిగితిమి. మూడు దినములు ఉపవాసముండుమని చెప్పితిమి. అప్పటికే వారము దినములుగా తిండి లేని బిడ్డకు ఉపవాసము! ఆమె తల యెత్తక, "సరే అయ్యగారూ" అని మాత్రమే అనెను. అంతటితో ఊరకొనిన బాగుండెడిది. శుక్రవారపు కూటములో, విశ్వాసములో చల్లారినవారి కొరకు ప్రార్థించునప్పుడు ఆమె పేరు బిగ్గరగా చెప్పితిమి. కిటికీ అవతలనుండి వారి ఇల్లు ఎంత దూరము? ఆమె విన్నది.

నాలుగు దినములైన తరువాత మా భార్య చారు అన్నము గిన్నెలో పెట్టుకొని వెళ్లి, ఏమియు అడుగక, వారి అరుగుమీద కూర్చుండెను. చీకటి పడిన తరువాత ఆ బిడ్డ తానే నోరు తెరచినది.

2021 మే మాసములో ఆమె ఉండిన వార్డు సంగతి చెప్పెను. రాత్రివేళ ముప్పది మంచములకు ఇద్దరు నర్సులు. (పెద్ద బోధనాసుపత్రులలో ముగ్గురు రోగులకు ఒకరు, ఇతర ఆసుపత్రులలో ఐదుగురికి ఒకరు అని భారత నర్సింగు మండలి ఏర్పరచిన లెక్క, లెక్క కాగితముమీద నున్నది.) మరణించినవారి ప్రక్కన వారి సెల్ ఫోను మ్రోగుచుండెను, ఇంటివారు పిలుచుచుండిరి. దానిని తీయవలెనా, మాననా? ఆ దినములు గడచినవి, అందరు మరచిరి, ఆమెకు చెవిలో ఆ మ్రోత మానలేదు. అయినను ఆమెను పడద్రోసినది అది కాదు. ఇటీవల ఒక పసిబిడ్డ చనిపోయిన రాత్రి, ఆమె హృదయములో మొదట కలిగిన తలంపు, "ఒక మంచం ఖాళీ అయింది" అని. "నాకు ఏడుపు రాలేదు అమ్మగారూ. ఏడవాలని చూశాను, రాలేదు. నాలో ప్రభువు ప్రేమ చచ్చిపోయింది. అయ్యగారు చెప్పింది నిజమే" అనెను. ఆ రాత్రి తన్ను గూర్చి తనకే భయము పుట్టి బస్సెక్కినదట.

ఈ మాట మా భార్య వచ్చి చెప్పినప్పుడు మాకు అన్నము దిగలేదు. ఆమె రోగము అలసట. ఆమె దానిని విశ్వాసభ్రష్టత అనుకొనినది. కాపరియని పేరుపెట్టుకొనిన మేము వెళ్లి, నిజమేనని ముద్ర వేసి వచ్చితిమి.

తరువాత మేము విచారించి తెలిసికొనిన సంగతి చెప్పుదుము. ప్రపంచ ఆరోగ్య సంస్థవారు 2019లో తమ వ్యాధుల పట్టికలో, పని ఒత్తిడి వలన మనుష్యుడు లోపల కాలి బూడిదయగు స్థితిని వివరించిరి. అది వ్యాధి కాదు, పనివలన కలుగు దుస్థితి అని వారి మాట. దానికి వారు చెప్పిన గురుతులు మూడు. బలము పూర్తిగా ఉడిగిపోవుట మొదటిది. పనిమీదను దానికి చెందినవారిమీదను మనస్సు మొద్దుబారి దూరమగుట రెండవది. తాను ఎందుకును కొరగాననిపించుట మూడవది. రెండవ గురుతును మరల చదువుడి. "ప్రేమ చచ్చిపోయింది" అని ఆ బిడ్డ చెప్పినది అదే. ప్రతిదినము చేది పోసిన బావి వేసవిలో అడుగంటినయెడల, ఊట చచ్చినదని ఎవడును పూడ్చివేయడు. కొన్నాళ్లు చేద వేయక విడిచిపెట్టుదురు.

ఫ్లారెన్సు నైటింగేలు దీపము పట్టుకొని నిలిచిన చిత్రము మన ఆసుపత్రులన్నిటిలో ఉన్నది. ఆమె 1854లో యుద్ధ రోగుల సేవకు పోయి 1856లో ఇంటికి తిరిగివచ్చి, మరుసటి ఏటినుండి అనేక సంవత్సరములు మంచమును, గదిని విడువలేక, నిస్పృహతో పోరాడినది. ఆ మంచము చిత్రమును ఎవరును గోడకు తగిలించలేదు.

ఇప్పుడు పౌలు దగ్గరకు రండి. ఎపఫ్రొదితును ఇంటికి పంపునప్పుడు అతడు ఎంత జాగ్రత్తగా వ్రాసెనో చూడుడి. ఊరివారి నోటి సంగతి అతనికి తెలియును. "పంపిన పని ముగియకముందే వచ్చినాడే! మన కానుక ఏమైనది? పౌలును చెరలో విడిచిపెట్టి ఎట్లు రాగలిగెను?" అని చెరువుగట్టున ఏమేమి అందురో ఎరిగినవాడై, రోగము మాట ఎత్తకముందే అతనికి ఐదు బిరుదులు ఇచ్చుచున్నాడు: సహోదరుడు, జతపనివాడు, తోడి యోధుడు, మీ దూత, నా అవసరములలో పరిచర్య చేసినవాడు. పంపవలెనని నిర్ణయించినది తానే అని ఆ భారము తనమీద వేసికొనుచున్నాడు. తనకును దుఃఖముమీద దుఃఖము కలుగవలసియుండెనని ఒప్పుకొనుచున్నాడు. సంతోష పత్రిక వ్రాసినవాడు! పూర్ణ సంతోషముతో ఇతనిని చేర్చుకొనుడి, ఇట్టివారిని ఘనపరచుడి అని సంఘమునకు ఆజ్ఞ ఇచ్చుచున్నాడు. ఇతని ప్రార్థన చాలలేదను మాట ఆ ఆరు వచనములలో ఎక్కడను లేదు. మేము వెదకితిమి.

మన సంఘములకు ఈ ఆజ్ఞ ప్రత్యేకముగా తగులుచున్నది. 1883లో డాక్టరు అన్నా కుగ్లరు గుంటూరునకు వచ్చి, 1898లో అక్కడ స్త్రీల కొరకు ఆసుపత్రి తెరవబడినప్పుడు, నర్సు పని మైలపని యని ఇతరులు తమ కుమార్తెలను పంపనొల్లకుండిరి. మన గ్రామములనుండి వెళ్లిన క్రైస్తవ బాలికలే రోగుల మలమూత్రములు ఎత్తిరి. వెల్లూరులో 1909లో నర్సుల శిక్షణ మొదలైనది. నాటినుండి నేటివరకు మన సంఘములలో నర్సు లేని ఊరు అరుదు. ఆమె జీతముతో అప్పు తీరినది, తమ్ముని చదువు జరిగినది, ఇంటికి స్లాబు పడినది, గుడికి మైకు వచ్చినది. 2016లో సుప్రీము కోర్టు చెప్పగా కూడిన సంఘము, చిన్న ప్రైవేటు ఆసుపత్రిలో సైతము నర్సు జీతము 20,000 రూపాయలకు తగ్గరాదని సిఫారసు చేసెను. అంతకు తక్కువకే రాత్రింబగళ్లు నిలుచున్న బిడ్డలను మేము ఎరుగుదుము. ఆమె పండుగకు వచ్చినప్పుడు మనము అడుగునది, "ఇప్పుడు ఎంత ఇస్తున్నారమ్మా?" అనియే. "నిద్ర పడుతోందా అమ్మా?" అని అడిగినవారెవరు?

అలసట వేరు, కృంగుదల వ్యాధి వేరు అని కూడ తెలిసికొనవలెను. అలసినవారికి విశ్రాంతి దొరికిన, పని భారము తగ్గిన మేలగును. బదరీవృక్షము క్రింద చావు కోరిన ఏలీయాకు దేవదూత ప్రసంగము చేయలేదు. రొట్టెయు నీళ్లును పెట్టెను, మరల పండుకొననిచ్చెను, మరల లేపి తినుమనెను. అయితే రెండు వారములు దాటినను ఆ చీకటి విడువక, దేనియందును ఇష్టము లేక, నిద్రాహారములు చెడి, బ్రదుకు వ్యర్థమనిపించుచున్నయెడల అది వ్యాధి. దానికి వైద్యుడు ఉన్నాడు. మందులు పనిచేయుటకు కొన్ని వారములు పట్టును, నడుమ మానరాదు. చనిపోవలెనను మాట వినబడినయెడల ఆ మనిషిని ఒంటరిగా విడువక, ఆ దినమే ఆసుపత్రికి తీసికొనిపోవుడి. 14416 అను నంబరునకు రాత్రి పగలు ఎప్పుడైనను ఉచితముగా ఫోను చేసి తెలుగులోనే మాటలాడవచ్చును. ప్రభుత్వమువారు 2022 అక్టోబరులో దానిని ప్రారంభించిరి. మందు మ్రింగుట అవిశ్వాసమని చెప్పు ఉపదేశకులు, పౌలు తిమోతి కడుపు జబ్బుకు ఉపవాసము గాక కొంచెము ద్రాక్షారసము చెప్పిన సంగతి చదువుదురు గాక. (ఆ వచనము పట్టుకొని కల్లు పాకకు పోవువారికి వేరొక మాసములో జవాబు చెప్పుదుము.)

మేము మరల ఆ ఇంటికి పోయి, తల్లి యెదుటనే, "అమ్మా, నేను పొరబాటు చెప్పాను, నన్ను క్షమించు" అని అడిగితిమి. బైబిలు తెరువలేదు. మరునాడు మా భార్య తోడుగా వెళ్లగా, వారు బస్సులో జిల్లా ఆసుపత్రిలోని మనోవ్యాధి వైద్యుని యొద్దకు పోయిరి. తరువాతి శుక్రవారము, ఏ కూటములో ఆమె పేరు చెప్పితిమో ఆ కూటములోనే మా తప్పు ఒప్పుకొంటిమి. అది మాకు సులభము కాలేదు. పెద్దలలో ఒకరు ఇప్పటికిని దానిని మెచ్చుకొనరు.

ఆమె ఇప్పుడు మందులు వాడుచున్నది. కొన్ని రాత్రులు నిద్ర పట్టును, కొన్ని రాత్రులు పట్టదు. గత మాసము గుడికి వచ్చి వెనుక వరుసలో తలుపు దగ్గర కూర్చుండెను. ఆరాధనయైన తరువాత స్త్రీలందరు చుట్టు మూగిరి. మా చుట్టుపట్ల ఊళ్లనుండి పట్టణములలో నర్సు పనిచేయుచున్న బిడ్డల పేర్లు వ్రాసి, నర్సుల దినమైన మే 12నకు దగ్గరి ఆదివారమున చదివి ప్రార్థింపవలెననుకొని, ఆమెను కూడ అడిగితిమి: "నీ పేరు చదవమంటావా అమ్మా?"

ఆమె కొంతసేపు ఆలోచించి, "చదవండి అయ్యగారూ. మళ్లీ డ్యూటీకి ఎప్పుడు వెళ్తావు అని మాత్రం ఎవ్వరూ అడగొద్దని చెప్పండి" అనెను.

చెప్పితిమి.