సొంత ఇంటి అసలు ధర

మానవునికి దేవుడు ప్రసాదించిన అనుగ్రహాల్లో ఇల్లు ఒకటి. గృహాలను మనుషుల కొరకు ప్రశాంత నిలయాలుగా చేసినవాడు అల్లాహ్‌యేనని దివ్యఖుర్ఆన్ నహ్ల్ సూరాలో (16:80) తెలుపుతోంది. పగలంతా కష్టపడిన మనిషి రాత్రికి వచ్చి నడుం వాల్చే చోటది. భార్యాబిడ్డల మానమర్యాదలకు రక్షణ అది. కనుక సొంత ఇల్లు ఉండాలని కోరుకోవడం తప్పేమీ కాదు. ఆ కోరికను తీర్చుకోవడానికి మనం ఎంచుకునే మార్గం ఏది, దానికి చెల్లించే మూల్యం ఎంత అన్నదే అసలు ప్రశ్న.

మేముండే ప్రాంతం పేరు ఆరాంఘర్. 'ఆరామ్' అంటే విశ్రాంతి, 'ఘర్' అంటే ఇల్లు. పేరులో విశ్రాంతి ఉన్నా ఈ చౌరస్తాలో విశ్రాంతి తక్కువ. 2008లో శంషాబాద్ విమానాశ్రయం ప్రారంభమైంది. 2009లో మెహదీపట్నం నుంచి ఇక్కడిదాకా 11 కిలోమీటర్లకు పైగా ఎక్స్‌ప్రెస్ వే వచ్చింది. 2025 జనవరిలో జూపార్కు వైపు 4 కిలోమీటర్ల ఫ్లైఓవర్ తెరిచారు. రోడ్డు పెరిగిన ప్రతిసారీ గజం ధర కూడా పెరుగుతూ వచ్చింది. ఒకప్పుడు ఖాళీగా ఉన్న జాగాల్లో ఇప్పుడు అపార్ట్‌మెంట్లు లేస్తున్నాయి. వాటి ముందు బోర్డుల మీద 'బ్యాంకు లోను సౌకర్యం కలదు' అన్న మాట ఇంటి ధర కంటే పెద్ద అక్షరాల్లో ఉంటుంది.

ఒక రాత్రి ఇషా నమాజు తర్వాత మా మస్జిదు మెట్ల దగ్గర ఒక సోదరుడు మమ్మల్ని ఆపాడు. విమానాశ్రయంలో చిన్న ఉద్యోగం చేస్తూ, మాతోపాటు అదే వరుసలో నిలబడి నమాజు చేసే మనిషి. చేతిలో కాగితాల కట్ట ఉంది. "భాయ్‌సాబ్, 40 లక్షల ఫ్లాటు చూశాను. నా దగ్గర 10 లక్షలున్నాయి. మిగతా 30 లక్షలు బ్యాంకు ఇస్తానంటోంది. మీరు షూరిటీ సంతకం పెట్టాలి" అన్నాడు. మా ముఖం చూసి మళ్ళీ తనే అన్నాడు: "నెలకు 12 వేలు కిరాయి కడుతున్నాను. అది నీళ్ళలో పోసినట్లే గదా! ఆ డబ్బేదో వాయిదాగా కడితే ఇల్లయినా మిగులుతుంది."

రెండు రోజులు గడువు అడిగి ఇంటికొచ్చాము.

లెక్క చెప్పిన నిజం

ముందుగా ఫత్వా సంగతి పక్కనపెట్టి, కాగితం, పెన్ను తీసుకొని లెక్క వేశాము. 30 లక్షల అప్పు, సాలుకు 9 శాతం వడ్డీ, 20 ఏళ్ళ గడువు. నెల వాయిదా దాదాపు 26,992 రూపాయలు. మొత్తం 240 వాయిదాలు. అన్నీ కలిపితే 64 లక్షల 78 వేలు. అంటే తీసుకున్న 30 లక్షలకు వడ్డీయే 34 లక్షల 78 వేలు! 40 లక్షల ఇల్లు చేతికొచ్చేసరికి ముందు కట్టిన 10 లక్షలు కలుపుకొని 74 లక్షల 78 వేలు అవుతుంది. రిజిస్ట్రేషను ఖర్చులు దీనికి అదనం.

అంతకంటే ఆశ్చర్యపరిచే విషయం మరొకటుంది. మొదటి నెల కట్టే 26,992 రూపాయల్లో 22,500 రూపాయలు వడ్డీకే పోతాయి. అసలు కింద జమ అయ్యేది 4,492 రూపాయలు మాత్రమే. అయిదేళ్ళు ఒక్క నెల కూడా తప్పకుండా కడితే చేతి నుంచి పోయేది 16 లక్షల పైచిలుకు. అసలులో తగ్గేది 3 లక్షల 39 వేలు. పదేళ్ళు గడిచేసరికి 32 లక్షల 39 వేలు కట్టి ఉంటాడు. అంటే తీసుకున్న దానికంటే ఎక్కువే తిరిగి ఇచ్చేశాడు. అయినా ఇంకా 21 లక్షల 30 వేలు బాకీ ఉంటాడు! అసలులో సగం తీరేది పద్నాలుగో ఏడు ముగిసే సమయానికి.

కిరాయి నీళ్ళలో పోసినట్లయితే, ఈ 34 లక్షలు ఎందులో పోసినట్లు?

ఇది కూడా వడ్డీ రేటు మారకుండా ఉంటే జరిగే సంగతి. సాధారణంగా ఇంటి అప్పుల మీద వడ్డీ మారుతూ ఉంటుంది. 2022 మే నుంచి 2023 ఫిబ్రవరి వరకు రిజర్వు బ్యాంకు రెపో రేటును 4 శాతం నుంచి 6.5 శాతానికి పెంచింది. అంతకుముందు 7 శాతానికి 30 లక్షలు తీసుకున్నవాని వాయిదా 23,259 రూపాయలు. రేటు 9.5 శాతానికి చేరితే ఒక నెల వడ్డీయే 23,750 రూపాయలవుతుంది. అంటే పాత వాయిదా వడ్డీకి కూడా చాలదు. కడుతూనే ఉన్నా అప్పు పెరుగుతూ ఉంటుంది! రేటు పెరిగినప్పుడు వాయిదా పెంచుకోవాలా, గడువు పెంచుకోవాలా, స్థిర వడ్డీకి మారాలా అన్నది అప్పుదారునికి తెలియజేసి అతనికే ఎంచుకునే అవకాశం ఇవ్వాలని 2023 ఆగస్టులో రిజర్వు బ్యాంకు ఆదేశించవలసి వచ్చింది. 2025లో రెపో రేటు మళ్ళీ తగ్గింది. రేపు ఏమవుతుందో ఎవరికి తెలుసు? ఇరవయ్యేళ్ళ సంతకం పెట్టేది మాత్రం ఈ రోజే.

భారం ఒకరిది, భరోసా ఒకరిది

'ఇరవయ్యేళ్ళలో ఇంటి ధర కూడా పెరుగుతుంది కదా, కిరాయిలూ పెరుగుతాయి కదా' అని కొందరు వాదిస్తారు. ఇందులో కొంత నిజముంది. దాన్ని కాదనడం న్యాయం కాదు. ఆ సోదరుడు కిరాయింట్లోనే ఉండి నెలకు 15 వేలు మిగిల్చినా పదేళ్ళకు 18 లక్షలే అవుతాయి. చేతిలోని 10 లక్షలు కలిపితే 28 లక్షలు. ఈలోగా ఆ ఫ్లాటు 40 లక్షల్లోనే ఆగి ఉండదు.

కాని ఒక్క క్షణం ఆలోచించండి! ఇంటి ధర పెరగవచ్చు, పెరగకపోవచ్చు. ఉద్యోగం ఉండవచ్చు, ఊడవచ్చు. ఆరోగ్యం నిలవవచ్చు, నిలవకపోవచ్చు. వీటన్నిటి భయం అప్పు తీసుకున్నవానిదే. ఇచ్చినవానికి మాత్రం ఏం జరిగినా తన వడ్డీ తనకు రావలసిందే. 2002లో చేసిన సర్ఫేసీ చట్టం ప్రకారం మూడు నెలలు బాకీ పడి ఖాతా మొండిబాకీగా మారితే బ్యాంకు 60 రోజుల నోటీసు ఇచ్చి, కోర్టులో దావా వేయకుండానే తాకట్టు ఇంటిని స్వాధీనం చేసుకోవచ్చు. పదేళ్ళు కట్టినవాడైనా సరే, తర్వాత కుప్పకూలితే అదే గతి.

ఒకరికి ఖాయమైన లాభం, మరొకరికి ఖాయమైన భారం. వడ్డీలోని అన్యాయపు వేరు ఇదే. వ్యాపారం కూడా వడ్డీ లాంటిదే కదా అని ఆనాటి అవిశ్వాసులు వాదించినప్పుడు, అల్లాహ్ వ్యాపారాన్ని ధర్మసమ్మతం చేసి వడ్డీని నిషేధించాడని బఖరా సూరా (2:275) స్పష్టం చేసింది. ఈ రోజు కూడా అదే ప్రశ్న వినిపిస్తుంది: 'ఇల్లు అమ్మేవాడు 40 లక్షల ఇంటిని వాయిదాల మీద 50 లక్షలకు అమ్మితే తప్పులేదా? అదీ ఎక్కువేగా!'

తేడా ఉంది. అమ్మేవాడు ఇంటికి యజమాని. ఇల్లు తన చేతిలో ఉన్నంత కాలం దాని నష్టానికి తనే బాధ్యుడు. ధర ఒక్కసారే, ఇద్దరి అంగీకారంతో ఖరారవుతుంది. కొన్నవాడు ఒక నెల ఆలస్యం చేసినా ఆ ధర ఒక్క రూపాయి పెరగదు. అతను కొన్నది వస్తువును. వడ్డీలో అమ్ముడయ్యేది వస్తువు కాదు, గడువు. కాలం గడిచేకొద్దీ బాకీ పెరుగుతుంది. పేదవాని ఇబ్బంది ఎంత పెరిగితే అవతలివాని రాబడి అంత పెరుగుతుంది.

కాగితం మీద కనిపించని ఖర్చు

దైవప్రవక్త (సఅసం) తమ నమాజులో అప్పు భారం నుంచి అల్లాహ్ శరణు వేడుకునేవారు. ఇంత ఎక్కువగా ఎందుకు వేడుకుంటున్నారని అడిగితే, అప్పులో పడిన మనిషి మాట్లాడితే అబద్ధమాడతాడని, మాట ఇస్తే తప్పుతాడని వివరించారు. అప్పు జేబునే కాదు, స్వభావాన్ని కూడా కొరికేస్తుందన్నమాట. ఒక సహాబీ జనాజా వచ్చినప్పుడు ఆయన మీద బాకీ ఉందని తెలిసి ప్రవక్త (సఅసం) స్వయంగా నమాజు చేయించడానికి ముందుకు రాలేదు. ఆ బాకీకి తాను బాధ్యుణ్ణని అబూ ఖతాదా (రజి) పలికిన తర్వాతే చేయించారు. ఇది వడ్డీలేని మామూలు అప్పు సంగతి!

ఇక వడ్డీ విషయానికొస్తే, తినేవాణ్ణి, తినిపించేవాణ్ణి, రాసేవాణ్ణి, సాక్షులను ప్రవక్త (సఅసం) శపించారని, వారంతా సమానులేనని అన్నారని హజ్రత్ జాబిర్ (రజి) ఉల్లేఖనం సహీహ్ ముస్లింలో ఉంది. మా ముందున్న కాగితంలో సంతకం గడి చూసినప్పుడల్లా ఈ హదీసే గుర్తుకొచ్చింది.

అగత్యం ఉంటే ఎలా అన్న చర్చ పండితుల మధ్య ఉంది. 1999లో యూరప్ ఫత్వా మండలి, మరో మార్గం లేని పరిస్థితిలో, తాము నివసించడానికి ఒకే ఇంటి కోసం అక్కడి ముస్లిములకు షరతులతో అనుమతి ఇచ్చింది. చాలామంది ఉలమాలు దానితో ఏకీభవించలేదు. తలదాచుకోవడానికి కిరాయి ఇల్లు దొరుకుతున్నప్పుడు అది అగత్యం ఎలా అవుతుందన్నది వారి ప్రశ్న. మన దేశంలో వడ్డీలేని బ్యాంకింగు గురించి 2008లో రఘురామ్ రాజన్ కమిటీ సిఫారసు చేసినా, ఆ ప్రతిపాదనను ముందుకు తీసుకుపోకూడదని రిజర్వు బ్యాంకు నిర్ణయించినట్లు 2017లో వెల్లడైంది. ఇలాంటి ఇరుకులో ఉన్న కుటుంబం తన పరిస్థితిని దైవభీతి గల ఆలిం ముందు దాచకుండా చెప్పి అడగాలి. పక్కింటివాడు తీసుకున్నాడన్నది ఆధారం కాదు. ఇప్పటికే అప్పులో ఉన్న సోదరులను చిన్నచూపు చూడడం కూడా తగదు. మారే వడ్డీ మీద తీసుకున్న ఇంటి అప్పును గడువుకు ముందే తీర్చేస్తే బ్యాంకులు జరిమానా వేయకూడదని 2012లోనే రిజర్వు బ్యాంకు ఆదేశించింది. పశ్చాత్తాపపడి, ఎంత త్వరగా వీలైతే అంత త్వరగా బయటపడడమే వారి ముందున్న దారి.

మాకు ఎదురైన ప్రశ్న

మూడో రోజు ఆ సోదరునికి లెక్క చూపించాము. హదీసు వినిపించాము. సంతకం చేయలేమని చెప్పాము. అతను చాలాసేపు మౌనంగా ఉండి, మెల్లగా అన్నాడు: "సరే భాయ్‌సాబ్. వడ్డీ హరామని నాకూ తెలుసు. మరి మీలో ఎవరైనా వడ్డీ లేకుండా ఇస్తారా? మా ఇంటి యజమాని కూడా నమాజీయే. మూడేళ్ళలో రెండుసార్లు కిరాయి పెంచాడు."

మా దగ్గర జవాబు లేదు.

అతను వేరొకరి సంతకంతో అప్పు తీసుకున్నాడు. ఆ మాట తెలిసిన రోజు మాకు నిద్ర పట్టలేదు. మేము పాపపు కాగితం నుంచి మా చేతిని కాపాడుకున్నాము. కాని మా సోదరుణ్ణి కాపాడామా? ప్రవక్త (సఅసం) తమ అంతిమ హజ్ ప్రసంగంలో వడ్డీని రద్దు చేసినప్పుడు, ముందుగా తమ సొంత బాబాయి అబ్బాస్ (రజి)కు రావలసిన వడ్డీనే రద్దు చేశారు. నిషేధం ఇతరుల మీద మోపకముందు తమ ఇంటి నుంచి మొదలుపెట్టారు. మనం మాత్రం నిషేధాన్ని పేదవానికి వినిపించి, మన డబ్బును భద్రంగా మన దగ్గరే ఉంచుకుంటున్నాము. బఖరా సూరాలో వడ్డీ వదలనివారికి అల్లాహ్, ఆయన ప్రవక్త తరఫు నుంచి యుద్ధ ప్రకటన వినిపించిన వెంటనే, ఇబ్బందిలో ఉన్న రుణగ్రస్తునికి గడువు ఇవ్వాలని, మాఫీ చేస్తే మరింత మేలని కూడా ఆదేశం ఉంది (2:279-280). మొదటిది చదివి రెండోది మరచిపోవడం న్యాయమేనా?

ఇది మన హైదరాబాదుకు కొత్త విషయం కూడా కాదు. ఆసఫ్‌జాహీల కాలంలో ఈ నగరంలో ఉద్యోగులు, సామాన్యులు కలిసి వడ్డీలేని రుణ సంఘాలు నడుపుకున్నారు. ఇక్కడే పుట్టిన పండితుడు డాక్టర్ ముహమ్మద్ హమీదుల్లాహ్ వాటి గురించి రాశారు. అయితే జాగ్రత్త కూడా అవసరం. వడ్డీలేని లాభం పేరు చెబితే నమ్మి, లెక్క అడగకుండా పొదుపంతా అప్పగించిన కుటుంబాలు ఎలా నష్టపోయాయో 2018లో ఇదే నగరం చూసింది. రుణాన్ని రాసుకోవాలని, సాక్షులను పెట్టుకోవాలని ఖుర్ఆన్ (2:282) ఆదేశించింది అందుకే.

రెండు నెలల తర్వాత మా జమాఅత్‌లో అయిదుగురం కూర్చున్నాము. తలా 80 వేలు చొప్పున 4 లక్షలు పోగయ్యాయి. ఖర్జె హసనగా ఆ సోదరునికిచ్చి, బ్యాంకులో అసలు కింద జమ చేయించాము. వాయిదా మార్చకుండా గడువు తగ్గించమని రాసి ఇచ్చాడు. 4 లక్షలు తొలి నెలల్లోనే అసలులో తగ్గితే, ఆ 9 శాతం లెక్కన 20 ఏళ్ళ అప్పు 14 ఏళ్ళ 4 నెలలకు దిగి వస్తుంది. 14 లక్షలకు పైగా వడ్డీ తప్పుతుంది! మా 4 లక్షలు వీలును బట్టి కొంచెం కొంచెంగా తిరిగి ఇస్తాడు. ఇది గొప్ప పనేమీ కాదు, ఆలస్యంగా చేసిన పని. అతను మస్జిదు మెట్ల దగ్గర మమ్మల్ని ఆపిన రాత్రే అయిదుగురం కాదు, ఇరవైమందిమి కూర్చొని ఉంటే ఆ బ్యాంకు గడప తొక్కవలసిన అవసరమే తగ్గి ఉండేది.

ప్రియ పాఠకులారా! సొంత ఇంటి అసలు ధర సేల్ డీడ్ మీద రాసి ఉండదు. సంతకానికి ముందు మొత్తం వాయిదాలను కూడి చూడండి. ఆ తర్వాత రేపు అల్లాహ్ ముందు ఇవ్వవలసిన లెక్కను కూడి చూడండి. అలాగే మీ వీధిలో కాగితాల కట్ట పట్టుకొని తిరుగుతున్న సోదరుడు ఎవరైనా ఉన్నాడేమో చూడండి.

మా ఖర్జె హసన కాగితం మీద కూడా సాక్షి సంతకం గడి ఉంది. ఈసారి మా చేయి వణకలేదు.

అల్లాహ్ మనందరికీ ధర్మసమ్మతమైన ఉపాధిని, ప్రశాంతమైన గృహాన్ని, ఒకరి భారం ఒకరు పంచుకునే హృదయాన్ని ప్రసాదించుగాక! ఆమీన్.