నిత్యమైన పని, అనిత్యుడైన పనివాడు

వీధు లూడ్చుపని యే పట్టణమున నైన నొకనాటితో ముగియునా? మంచినీటి కొళాయిలు విప్పుట, ఆసుపత్రిలో రోగులను గనిపెట్టుట, కళాశాలలో పాఠము చెప్పుట, ఇవి యెన్నటికిని దీరని పనులు. ఐనను ఇవి చేయువారి కొలువు మాత్రము ఏటేట ముగిసి, దయ గలిగినచో మరల మొదలగుచుండును. ఈ వింత యెట్లు పొసగునో విచారింపవలసియున్నది.

ప్రభుత్వపక్షమున జెప్పెడు సమాధానము తేలికగా ద్రోసివేయదగినది కాదు. ప్రకటనయు బోటీయు లేక దొడ్డిదారిని బ్రవేశించినవారికి ఖాయమగు హక్కు లేదని 2006 ఏప్రిలు 10వ తేదీన సుప్రీముకోర్టు ఉమాదేవి కేసులో దీర్పు చెప్పెను. పలుకుబడి లేని పల్లెటూరి పిల్లవాడు పుస్తకములు ముందిడుకొని ప్రకటనకై యెదురుచూచుచుండగా, అధికారి చుట్టమొకడు కచేరిలో జొరబడి స్థిరపడుట న్యాయము కాదు. ఈ వాదమును మేము గౌరవింతుము.

కాని ఆ దొడ్డితలుపు దీసిన దెవరు? ఖాళీలను బ్రకటింపక, పరీక్షలు జరుపక, తక్కువ జీతమునకు జాకిరి చేయించుకొన్నది ప్రభుత్వమే. తానే పిలిచి, యిరువదియేండ్లు పని గొని, తుదకు "నీవు వచ్చిన దారి మంచిది కా"దనుట యే ధర్మము? నిరుద్యోగిని కంట్రాక్టు నౌకరుమీదికి నుసికొల్పి తాను తీర్పరియై కూర్చుండుట మఱియు విపరీతము. ఆ యిరువురకును అపకారము చేసిన చేయి యొక్కటియే.

మంజూరైన యుద్యోగములలో, అర్హత గలిగి, న్యాయస్థానపు టుత్తరువుల యండ లేకయే పదియేండ్లు పనిచేసినవారిని ఒక్కసారికి ఖాయము చేయు ప్రయత్నము ఆరునెలలలో నారంభింపుడని యా ఉమాదేవి తీర్పులోనే యున్నది. కచేరీలు మొదటిభాగమును కంఠస్థము చేసి రెండవదానిని మఱచినవి. కేంద్ర జలసంఘమున నూడ్పుపనియు దోటపనియు జేయుచుండి 2018లో నోటీసైన లేక తొలగింపబడినవారి వ్యాజ్యెమున, 2024 డిసెంబరు 20న, సుప్రీముకోర్టే ఈ పోకడను గర్హించి, వారిని ఖాయము చేయుడని యాజ్ఞాపించెను.

మన ప్రాంతపు చరిత్రయు నిట్టిదే. ఉమ్మడి ఆంధ్రప్రదేశమున 1994 నాటి 2వ చట్టము దినకూలి నియామకములను నిషేధించినది. 1993 నవంబరు 25 నాటి కైదేండ్లు నిండినవారికి 212వ ఉత్తరువు దారి చూపినది. గీత గీచిరి. గీత కీవల మరల గ్రొత్త కంట్రాక్టులు పుట్టినవి. తెలంగాణమున 2023లో 5,544 మందిని ఖాయము చేసిరి, తక్కినవారు వేచియుండిరి.

జీతపు కొఱతకంటె మమ్ము గలతపెట్టునది వేఱొకటి. కొలువునకు భద్రత నిచ్చుట సోమరితనమునకు గాదు. పై యధికారి తప్పుడు లెక్కపై సంతకము చేయుమన్నపుడు "చేయ"నని చెప్పగల ధైర్యము గుమాస్తాకు గలుగుట కొఱకు. మార్చినెలలో కాగితము తిరుగవ్రాయబడునో లేదో యని వడకువాడు ఆ మాట యెట్లనును? కాన్పు సెలవడిగిన నర్సు తిరిగి వచ్చుసరికి తన స్థానమున మఱియొకతె యుండునేమో యని భయపడుచుండ, స్త్రీవిద్యనుగూర్చియు స్త్రీల యుద్యోగములనుగూర్చియు మన మిచ్చు నుపన్యాసములకు విలువ యేమి? (మన యింటి పనిమనిషికి సెలవుదినము లెన్ని యని చదువరు లడిగికొందురు గాక; ఆ విషయము మఱియొకమారు వ్రాసెదము.)

పరీక్షయే కావలెనన్నచో బెట్టుడు. కాని చేసిన యేండ్లకు మార్కు లిండు, వయస్సు సడలింపుడు, తేదీ ముందే ప్రకటింపుడు. పదునెనిమిదేండ్లు ఆసుపత్రిలో సూదులు వేసిన నలువదియైదేండ్ల తల్లిని, నిన్న పట్టము పుచ్చుకొన్న పిల్లతో నొకే బల్లపై గూర్చుండబెట్టి, ఆ యనుభవమునకు సున్న చుట్టుట సమానత్వమని మేము ఒప్పుకొనము.